వ్యసనకథకు ముగింపు

గత వేసవిలో, బంగినపల్లి కోతలు ముగిసి తోటలు ఖాళీ పడుచున్న దినములలో, మా చాట్రాయిలో ఒక సాయంకాలము మేము పొరుగింటి వసారాలో కూర్చుండి టెలివిజనులో ‘మహానటి’ చిత్రమును చూచితిమి. ఆ యింటివారును, వీథిలోని స్త్రీలు నలుగురైదుగురును మాతోపాటు ఉండిరి. చిత్రము ముగిసినది. కన్నులు తుడుచుకొనువారు తుడుచుకొనిరి. అందఱును లేచిపోయిన పిదప ఒక తల్లి మాత్రము నిలిచి, “మేష్టారూ, తాగుడికి దిగినోళ్లకి ఆఖరికి ఇంతేనా అండీ?” అని యడిగినది.

ఆమె కుమారుడు పూర్వము మా విద్యార్థి. చదువునకంటె పాటయందు అతనికి ఆసక్తి మెండు. ఇప్పుడు ఆర్కెస్ట్రా బృందములలో కీబోర్డు వాయించును. పెండ్లిపందిళ్లలోను తిరునాళ్లలోను చమ్కీల కోటు తొడిగి, నల్లకళ్లద్దములు పెట్టి, రంగుదీపముల నడుమ అతడు వాయించుచుండగా కుఱ్ఱవాండ్రు ఈలలు వేయుదురు. వాద్యము ముగిసిన వెనుక అభిమానులు అతని చేతికిచ్చు మొదటి కానుక సీసా. కొన్నియేండ్లలో ఆ కానుక అలవాటయ్యెను, అలవాటు రోగమయ్యెను. రెండు పర్యాయములు చికిత్సకు పోయివచ్చెను. రెండు పర్యాయములును మఱల జాఱెను. ఆ సాయంకాలమున అతడు మూడవసారి ఆస్పత్రిలో ఉండెను.

కావున ఆ తల్లి యడిగినది చలనచిత్రమును గూర్చిన ప్రశ్న కాదు. “లేదమ్మా, అందరికీ అంతే కాదు” అని మాత్రము చెప్పి మేము ఇల్లు చేరితిమి. ఆమె నమ్మినట్లు కనబడలేదు. ఏల నమ్మును? ఆమె చూచిన కథలలో, వినిన కథలలో వేఱొక ముగింపు ఉన్నయెడల గదా నమ్ముట!

నాటి రాత్రినుండి ఈ విషయము మమ్ము విడువలేదు. వ్యసనమున పడినవానిని గూర్చి మన తెలుగు సారస్వతము ఎట్టి ముగింపులను కల్పించినది? ఆలోచించి చూడగా మూడు కనబడినవి.

మొదటిది మరణము. 1953లో వచ్చిన ‘దేవదాసు’ చిత్రము దీనికి శిఖరము. శరత్‌చంద్రుని వంగనవల తెలుగువారి సొత్తు అనిపించునంతగా అది మన హృదయములలో పాతుకొనినది. ప్రియురాలు దక్కనివాడు త్రాగును, త్రాగి దగ్గును, దగ్గి ఆమె వాకిట ప్రాణము విడుచును. రెండవది మహిమ. పదునాఱవ శతాబ్దమున తెనాలి రామకృష్ణకవి ‘పాండురంగ మాహాత్మ్యము’న చెప్పిన నిగమశర్మ కథ యిట్టిది. అక్క ఎంత బుజ్జగించి చెప్పినను, కొన్నాళ్లు బుద్ధిమంతునివలె నటించి, ఇంటిలోని నగలు మూటగట్టుకొని పాఱిపోయిన ఆ దుర్వ్యసని చివరకు క్షేత్రమహిమచే తరించెను గాని తన ప్రయత్నముచే కాదు. మూడవది తత్‌క్షణ పరివర్తనము. కాళ్లకూరి నారాయణరావుగారి ‘చింతామణి’లోని బిల్వమంగళుడు ఒక్క రాత్రిలో, వేశ్య నోటిమాటచే విరక్తుడగును. నిన్న కాముకుడు, నేడు భక్తుడు. నడుమ మెట్లు లేవు.

చచ్చుట, దైవము కరుణించుట, మెఱుపు మెఱసినట్లు మాఱుట. ఈ మూడింటిలో ఏదియు ఆస్పత్రి మంచముమీద వణకుచున్న కుఱ్ఱవానికి గాని, అతనికి అన్నము గంపలో పెట్టుకొని పోవు తల్లికి గాని పనికివచ్చునది కాదు. రోజుకొక మెట్టు చొప్పున ఎక్కి, నడుమ జాఱి, మఱల ఎక్కువాని కథ మనకు కొఱవడినది. ఆ కొఱతయే ఈ వ్యాసమునకు విషయము.

ఇక ‘మహానటి’ని చూతము. 2018లో నాగ్ అశ్విన్ దర్శకత్వమున వెలువడిన ఈ చిత్రము తెలుగున వచ్చిన జీవితచరిత్రచిత్రములలో మేలైనది. సావిత్రి పాత్రను ధరించిన కీర్తి సురేశ్‌కు జాతీయపురస్కారము లభించుట సమంజసమే. గుంటూరు జిల్లా చిర్రావూరున పుట్టి, బెజవాడలో బాల్యముననే రంగస్థలమెక్కి, మద్రాసు చేరి, ‘మిస్సమ్మ’ (1955), ‘మాయాబజార్’ (1957) వంటి చిత్రములతో ఇంటింటి మనిషియైన ఆ నటి కథ ఎవరి కంట తడి పెట్టింపదు? 1968లో ‘చిన్నారి పాపలు’ చిత్రమును తానే దర్శకత్వము వహించి తీసినది. పిమ్మట నష్టములు, అప్పులు, మద్యము. 1980లో స్పృహ తప్పి, పందొమ్మిది నెలలు అచేతనముగా పడియుండి, 1981 డిసెంబరు 26న కన్నుమూసినది. దేవదాసు మరణమునకు వాకిలి యైన పార్వతి పాత్రను ధరించినది ఆమెయే యని తలచినప్పుడు మనస్సు కలుక్కుమనును.

అయినను విమర్శకునిగా మేము రెండు మాటలు చెప్పక తప్పదు. మొదటిది, కథ చెప్పువాడు నిలిచిన చోటు. చిత్రము ఆమె స్పృహ తప్పుటతో ఆరంభమగును. మంచముమీద కదలక పడియున్న మనిషిని ముందుగా చూపి, ఆమె యెవరో కనుగొనుటకు ఒక పత్రికావిలేఖరిని పంపి, ఆ విచారణగా కథ నడచును. నేర్పుగల నిర్మాణమే. కాని దాని ఫలమేమి? నడుమ ఆమె ఎంత పెనుగులాడినను ప్రేక్షకుడు దానిని ఆశతో చూడలేడు. ముగింపు వానికి మొదటనే తెలియును. ఆమెను గూర్చి అందఱును మాటలాడుదురు. తన కథను తాను చెప్పుకొను భాగ్యము ఆమెకు లేదు. ఇది దర్శకుని దోషమని అనము, చరిత్ర యట్లున్నది. మా మనవి యొక్కటే: ఒకరి చరిత్ర యట్లుండుట వేఱు, అదియే అందఱి విధియని ప్రేక్షకునికి తోచుట వేఱు.

రెండవది, కారణనిరూపణము. ఈ చిత్రమునను, ‘దేవదాసు’నను త్రాగుడునకు కారణము ప్రేమభంగమే. భర్త మఱొకతెవైపు తిరిగెను, భార్య సీసా పట్టినది. ఇది శ్రోతకు హాయిగానుండు వివరణము. ఏలయన, దోషము ఎవరో యొకరి మీదికి పోవును, మనము నిర్దోషులము. కాని ప్రేమ దక్కినవారును త్రాగుచున్నారు. ప్రేమ దక్కని లక్షలమంది త్రాగుటలేదు. మద్యవ్యసనమును వైద్యశాస్త్రము నేడు రోగముగా గణించుచున్నది. శరీరతత్త్వము, వంశము, సహవాసము, సులభముగా దొరకుట, మనోవ్యథ, ఇన్నియు కలిసి దానిని పెంచును. త్రాగుడును ప్రేమకు కొలమానముగా చూపు కథ త్రాగువానికి ఒక కిరీటము పెట్టుచున్నది. “వాడు మనసున్నవాడు, అందుకే తాగుతున్నాడు” అను మాట మన పల్లెలలో ఎన్నిమాఱులు వినలేదు!

ఈ తలపులతో నుండగా, ఆంగ్లమున 2019లో వచ్చిన ‘రాకెట్‌మాన్’ అను చిత్రమును చూచితిమి. డెక్స్‌టర్ ఫ్లెచర్ దర్శకుడు; టారన్ ఎగర్టన్ ప్రధాననటుడు. రాక్ సంగీతమున జగత్ప్రసిద్ధుడైన ఎల్టన్ జాన్ జీవితము ఇందలి కథ. ఈ సంగీతముతో పరిచయము లేని పాఠకులకై అతని చరిత్ర కొంత చెప్పవలసియున్నది.

1947 మార్చి 25న లండను చెంత పిన్నర్ అను ఊర పుట్టిన అతని అసలుపేరు రెజినాల్డ్ డ్వైట్. వినిన స్వరమును వెంటనే పియానోమీద పలికించు బాలుడు; పదునొకండవ యేట రాయల్ అకాడమీలో విద్యార్థివేతనముతో శిక్షణ పొందెను. 1967లో పత్రికాప్రకటన మూలమున బెర్నీ టాపిన్ అను గీతకర్తతో జత కుదిరెను. ఒకడు మాటలు వ్రాయును, వేఱొకడు వరుసలు కట్టును. 1970 ఆగస్టున లాస్ ఏంజెలిస్‌లోని ట్రూబడోర్ అను చిన్నశాలలో చేసిన కచేరీతో అతని దశ తిరిగెను. 1972 మొదలు 1975 వఱకు అతని రికార్డుసంపుటములు వరుసగా ఏడు అమెరికాలో ప్రథమస్థానము నందినవి. ఈకల కోట్లు, ఎత్తుమడమల బూట్లు, దీపములు వెలుగు కళ్లద్దములు—మన సురభివారి రాజవేషములుకూడ వెలవెలబోవునంత ఆర్భాటము. 1975 అక్టోబరున డాడ్జర్ స్టేడియములో రెండునాళ్లు పాడినప్పుడు ఆ మైదానము జనసముద్రమయ్యెను. దానికి కొలది దినములకు ముందే అతడు ప్రాణము తీసికొనదలచి మాత్రలు మ్రింగియుండెను. కీర్తి శిఖరమును, చావు లోయయు ఒకే వారములో!

మద్యము, కొకైను, అతిగా తిని కక్కివేయుట, ఇవి పదునేనేండ్లకు పైగా అతనిని పట్టుకొనియుండెను. పురుషుడు పురుషుని ప్రేమించుట 1967 వఱకు నేరముగా ఎంచబడిన దేశమున పెరిగి తన స్వభావమును దాచుకొనవలసివచ్చుట అతని ఒంటరితనమునకు మఱొక హేతువు. మన గృహములలో ఈ మాట చెప్పుటకు సంకోచింతురు గాని, దాచుకొనుటయే సగము రోగమని తెలిసినవారు సంకోచింపగూడదు.

చిత్రమున మమ్ము పట్టి నిలిపినది ఆరంభము. నారింజవన్నె వేషము, తలమీద కొమ్ములు, వీపున ఱెక్కలు ధరించి అతడు ఒక తలుపు త్రోసికొని లోనికి వచ్చును. రంగస్థలమునకు కాబోలు ననుకొందుము. కాదు, చికిత్సాలయములో రోగులు వలయముగా కూర్చుండి తమ కథలు చెప్పుకొను గదికి. ఖాళీ కుర్చీలో కూలబడి, తన వ్యసనములను ఒక్కొక్కటిగా పేర్కొనును. అటనుండియే పూర్వకథ యంతయు నడచును. కథ మఱల మఱల ఆ గదికి వచ్చినపుడెల్ల కొమ్ములు పోవును, ఱెక్కలు పోవును. తుదకు సామాన్యవస్త్రములతో సామాన్యమానవుడు మిగులును.

‘మహానటి’లో కథ మరణశయ్యనుండి చెప్పబడినది, ‘రాకెట్‌మాన్’లో రోగి కుర్చీనుండి చెప్పబడినది. అచ్చట ఇతరులు విచారింతురు. ఇచ్చట రోగి తానే ఒప్పుకొనును. రెండును కీర్తి, పతనముల కథలే. కాని కుర్చీనుండి చెప్పిన కథలో వినువానికి ఒక సంగతి మొదటనే తెలియును: ఇతడు బ్రతికియున్నాడు, మాటలాడుచున్నాడు. ఆ యొక్క భేదముచే పతనదృశ్యములన్నియు వేఱు అర్థమును పొందును. ఎల్టన్ జాన్ స్వయముగా ఈ చిత్రనిర్మాణమున భాగస్వామి యగుటచే తన లోపములను తానే చూపించుకొనినట్లయ్యెను. సావిత్రికి ఆ యవకాశము దక్కలేదే యని మేము మఱియొకమాఱు నిట్టూర్చితిమి.

ఇంతమాత్రమున ఈ చిత్రము నిర్దోషమని మా యభిప్రాయము కాదు. అందలి ప్రధానదోషము, ఉద్ధారమును చూపవలసిన చోట తొందరపడుట. కౌగిలింపని తండ్రి, కరుణలేని తల్లి యని కారణములను రెండు మాటలలో తేల్చివైచి, బాల్యరూపమును తాను కౌగిలించుకొనుటతో గాయము మానినట్లు చూపినారు. పిమ్మట “ఇంకను నిలిచియున్నాను” అను భావముగల ప్రసిద్ధగీతముతో తెర దించినారు. ఆ గీతము 1983 నాటిది; అతడు మద్యము విడిచినది 1990లో. నిలిచియున్నానని లోకమునకు చాటిన యేడేండ్లవఱకు అతడు పడియే యుండెనన్నమాట! వ్యసని చెప్పు ధైర్యవచనమునకు, నిజమైన ఆరోగ్యమునకు ఎంత దూరమున్నదో ఈ సత్యము తెలుపును. చిత్రము దానిని కప్పిపుచ్చినది.

అంతకంటె పెద్దలోపము మఱొకటి. అతని మార్పునకు ప్రేరణమైన వాస్తవఘటన చిత్రమున లేదు. అమెరికాలో ఇండియానా రాష్ట్రమున రయన్ వైట్ అను బాలుడుండెను. రక్తము గడ్డకట్టని వ్యాధికి చేసిన చికిత్సలో ఎయిడ్స్ సోకగా, బడినుండి వెలివేయబడి, న్యాయస్థానములో పోరాడి, 1990 ఏప్రిల్ 8న పదునెనిమిదవ యేట మరణించెను. ఎల్టన్ జాన్ ఆ చివరిదినములలో ఆ కుటుంబమునకు తోడుగా నుండి, అంత్యక్రియలలో పాడెను. అంత కష్టములో నిబ్బరముగానున్న ఆ తల్లిని, కొడుకును చూచి తన జీవితమునకు తాను సిగ్గుపడితినని అతడు పిదప చెప్పుకొనెను. అదే సంవత్సరము జూలైలో షికాగో చెంత ఒక ఆస్పత్రిలో చేరెను. 1992లో ఎయిడ్స్ రోగుల సహాయార్థము ఒక సంస్థను స్థాపించెను. నాటినుండి మద్యము ముట్టలేదు. ఒక రోగి తల్లి ధైర్యము మఱొక రోగిని నిలబెట్టినది. ఇంతకంటె గొప్ప దృశ్యము చిత్రమునకు ఏమి కావలెను? దానిని విడిచి నృత్యములతో నింపుట మాకు విచారము గలిగించినది.

ఇక్కడ మన ప్రాచీనులను తలచుకొనుట యుచితము. సంస్కృతాలంకారికులు నాటకకార్యమునకు ఐదు అవస్థలు చెప్పిరి: ఆరంభము, యత్నము, ప్రాప్త్యాశ, నియతాప్తి, ఫలాగమము. ఫలమునకు ముందు ఆశయు, విఘ్నమును, నిశ్చయమును ఉండవలెనని వారి మతము. ఎక్కిన మెట్టు జాఱుట వారికి తెలియని సంగతి కాదు. కాళిదాసు శాకుంతలమున ఆఱవ యంకమును చూడుడు. ఉంగరము దొరకినది, మఱపు తొలగినది; కాని శకుంతల వెంటనే లభింపదు. దుష్యంతుడు ఒక యంకమంతయు పశ్చాత్తాపమున వేగవలెను. ఏడవ యంకమందలి కలయికకు ఆ యాఱవ యంకమే మూల్యము.

ఇంకను దగ్గఱ నిదర్శనము శూద్రకుని మృచ్ఛకటికమున కలదు. ఒళ్లు పట్టు వృత్తిగల సంవాహకుడొకడు జూదమున పది సువర్ణములు ఓడి, జూదశాల యజమానుడు తఱుముచుండగా వసంతసేన యింట దూఱును. ఆమె తన కంకణమిచ్చి ఋణము తీర్చును. అతడు నాడే బౌద్ధభిక్షువగును. కవి అంతటితో విడిచెనా? లేదు. ఎనిమిదవ యంకమున, శకారుడు గొంతు నులిమి పాఱవైచిన వసంతసేనను ప్రాణముతో లేవదీయువాడు ఆ భిక్షువే. జూదరి మాఱెనని కవి చెప్పి ఊరకుండక, మాఱినవాడు ఒకరికి పనికివచ్చుటను చూపించెను. షికాగో ఆస్పత్రినుండి వచ్చిన గాయకుడు రోగులకై సంస్థ పెట్టుటయు ఇట్టిదే.

ఇట్టి పూర్వులు గల మనము ఆఱవ యంకమును ఏల మఱచితిమి? సంఘసంస్కర్తలు మద్యముపై పోరాడకపోలేదు. కాళ్లకూరివారు ‘మధుసేవ’ నాటకము వ్రాసిరి. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంట స్త్రీలు సారాదుకాణమును మూయించి రాష్ట్రమును కదలించిరి. 1995లో సంపూర్ణనిషేధము వచ్చెను, 1997లో సడలిపోయెను. ఈ యుద్యమములన్నిటి దృష్టి సీసామీద నుండెను, అది అవసరమే. కాని సీసా విడిచి ఇల్లు చేరినవానిని ఎట్లు నిలుపుకొనవలెనో మనము నేర్చుకొనలేదు.

ఇంటికి వచ్చినవానికి మనము చేయునదేమి? “ఇదెన్నాళ్లులే!” అని చుట్టములు నవ్వుదురు. విందులో “ఈ ఒక్క రోజుకే” అని గ్లాసు చేతికిత్తురు. అన్నిటికంటె ఘోరము, “పెళ్లి చేస్తే కుదురుకుంటాడు” అని ఒక నిరపరాధిని యగు పిల్లను తెచ్చి కట్టబెట్టుదురు. రోగికి మందుగా ఒక బాలిక జీవితమును నూఱిపోయుట ఏ ధర్మశాస్త్రము? కొందఱు పట్టుదలతో గదిలో పెట్టి తాళము వేయుదురు. గాఢముగా వ్యసనమునకు లోబడిన దేహమునకు మద్యమును ఒక్కసారిగా నిలిపిన మూర్ఛలు, సంధిప్రేలాపన కలిగి ప్రాణాపాయము సంభవింపవచ్చును. వైద్యుని పర్యవేక్షణ యుండవలెను. ఈ చిన్నసంగతి తెలియక ఎన్ని యిండ్లు దీపము లార్పుకొనెనో!

అయితే మనకు మార్గమే తెలియదనుటయు సరికాదు. కార్తికమాసము వచ్చినప్పుడు మా ప్రాంతమున అయ్యప్పదీక్ష పూనువారిని చూచుచున్నాము. ఏడాది పొడుగునను త్రాగువాడు నలువదియొక్క దినములు చుక్క ముట్టడు. ఎట్లు సాధ్యము? వేకువ స్నానము, నియమిత భోజనము, తనవంటివారితో సాయంకాలపు భజన. ఊరంతయు అతనిని “స్వామీ” అని పిలుచును. మాల తీసిన మఱునాడు ఆ పిలుపు పోవును, ఆ సాంగత్యము చెదరును, అతడు పాతచోటికే చేరును. 1935లో అమెరికాలో ఒక వ్యాపారియు ఒక వైద్యుడును, ఇద్దఱును త్రాగుబోతులే, కలిసి ఆరంభించిన సహాయకూటములు చేయుచున్నదియు ఇదియే: క్రమము, సాంగత్యము, గౌరవము. భేదమంతయు, వారు మాల తీయరు. ‘రాకెట్‌మాన్’లోని కుర్చీల వలయమును చూచి ఇది విదేశీయమని తలచువారు మన భజనమందిరమును ఒకమాఱు తలచుకొనవలెను.

ఓర్పును గూర్చి మా రైతులకు ఒకరు చెప్పనక్కఱలేదు. ముదిరి కాపు తగ్గిన మామిడితోటను పునరుద్ధరింపదలచినప్పుడు పెద్దకొమ్మలను నఱికివేయుదురు. రెండు మూడేండ్లు ఆ చెట్లు మోడులవలె నిలిచి చూచువారికి నవ్వు పుట్టించును. తోట చచ్చినదని అందురు. రైతు నీరు పెట్టుచునే యుండును.

మా విద్యార్థి శ్రావణమాసమున ఇల్లు చేరెను. ఇది వ్రాయునాటికి ఆఱు నెలలు కావచ్చినది. తిరునాళ్ల కచేరీలకు పోవుట మానెను. రామాలయములో శనివారపు భజనకు కీబోర్డు వాయించుచున్నాడు. ఒకనాడు అతనికిని, అతని తల్లికిని ఈ ఆంగ్లగాయకుని కథ మేము తెలుగున చెప్పితిమి. అతడు తల వంచుకొని విని, “ఎన్నేళ్లయిందండీ ఆయన మానేసి?” అని యడిగెను. “1990లో మానేశాడు నాయనా, లెక్కవేసుకో” అంటిమి. వ్రేళ్లమీద లెక్కించుచు చాలసేపు మాటలాడలేదు. తల్లి కొడుకు వ్రేళ్లనే చూచుచుండెను.

అతడు మఱల జాఱడని మేము చెప్పజాలము. జాఱినను అదియే ముగింపు కాదని ఇప్పుడు ఆ యింట ఇద్దఱికి తెలియును. తెలుగు రచయితలారా, దేవదాసులను చాలమందిని చంపితిమి. ఇకనైన ఆ యాఱవ యంకమును వ్రాయుడు.